నాదకాలువల పటం

కాలంలో వెనక్కి వెళ్లడానికి శబ్దాన్నే దారిగా చేసుకున్న ఒక కల్పిత వ్యవస్థను నేను చాలాకాలంగా కాగితం మీద కడుతూ వస్తున్నాను. దానికి నాదకాలువలు అని పేరు పెట్టుకున్నాను. ఉమ్మడి విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల నేల మీద ఈ కాలువలు ఎక్కడ మొదలవుతాయో, ఎంత వెనక్కి పోతాయో, ఎక్కడ తెగిపోయాయో ఒక పటంగా గీసి, ఆ పటాన్ని ఆధారం చేసుకుని కథలు రాయాలన్నది నా సంకల్పం. కథల కన్నా ముందు నియమాలు తేలాలి. ఎవరైనా ఎప్పుడైనా ఎక్కడికైనా పోగలిగితే అది గారడీ అవుతుంది గానీ కథ కాదు. పోలేని చోట్లు ఉన్నప్పుడే పోగలిగిన చోటుకు విలువ వస్తుంది. అందుకే ఇక్కడ కథ జోలికి ఎక్కువగా పోకుండా, కాలువలు ఎలా పనిచేస్తాయో, ఆ నియమాలను నేను ఎందుకు అలా పెట్టుకున్నానో చెబుతాను.

అన్నింటికీ పునాది అయిన నియమం ఇది. ఒక శబ్దం ఒక మనిషి గొంతు నుంచి గానీ చేతి నుంచి గానీ మరొక మనిషికి ముఖాముఖి అంది, ఆ మనిషి నుంచి ఇంకొకరికి అంది, ఈనాటి దాకా తెగకుండా వచ్చి ఉంటేనే అక్కడ కాలువ ఉంటుంది. శబ్దం ఎంత పెద్దదన్న దానితో పని లేదు. 1883 ఆగస్టు 27న క్రకటోవా అగ్నిపర్వతం పేలినప్పుడు ఆ చప్పుడు సుమారు 4,800 కిలోమీటర్ల దూరంలోని రోడ్రిగ్స్ దీవిలో దాదాపు నాలుగు గంటల తరువాత వినిపించింది. దాని పీడన తరంగం భూగోళాన్ని చుట్టి రావడం దేశదేశాల బారోమీటర్లలో నమోదైంది. నా పటంలో ఆ మహాశబ్దానికి చోటు లేదు, ఎందుకంటే విన్నవారెవరూ దాన్ని తమ గొంతులోకి తీసుకుని మరొకరికి ఇవ్వలేదు. అదే ఏడాది మా ప్రాంతంలో ఏదో ఒక ఇంటి వసారాలో పిల్లను నిద్రపుచ్చడానికి ఒక తల్లి తీసిన కూనిరాగాన్ని ఆ పిల్ల పెరిగి తన బిడ్డకూ, ఆ బిడ్డ తన మనవరాలికీ పాడి ఉంటే మాత్రం అది నిక్షేపంగా ఒక కాలువే.

కాలువ అన్న ఊహ నాకు మా నాన్నగారి ఉద్యోగం నుంచి వచ్చింది. ఆయన నాగావళి మీది తోటపల్లి రెగ్యులేటరు కింద, పాత కాలువ మీద లస్కరుగా పనిచేశారు. మదుము (కాలువ నీటిని వదిలే తూము) తలుపు ఎత్తడం, దించడం, గండి పడితే రైతులను పోగుచేసి ఇసుక బస్తాలు వేయించడం, గట్టు వెంట నడుస్తూ శివారు భూములకు నీరు చేరుతున్నదో లేదో చూడడం ఆయన పని. “పైన నదిలో ఎంతుంటే ఏటి? శివారు మడికి సేరకపోతే ఆ నీరు లేనట్టే” అనేవారు. నా వ్యవస్థలో ప్రయాణికుడికి ఉన్నంత ప్రాముఖ్యం లస్కరుకూ ఉంది. ఆ మాటకు మళ్లీ వస్తాను.

వెలుతురును ఎందుకు దారిగా తీసుకోలేదని నాతో పాటు కళాశాలలో భౌతికశాస్త్రం చెప్పే సహోద్యోగి ఒకరు అడిగారు. “అరసవల్లి మన పక్కనే ఉంది కదండీ మాస్టారూ, సూర్యకిరణం మీద పంపకూడదా మీ ప్రయాణికుల్ని?” అన్నారు. ఆ ప్రశ్న న్యాయమైనదే. అరసవల్లి సూర్యనారాయణస్వామి ఆలయంలో మార్చిలోనూ అక్టోబరులోనూ కొన్ని ఉదయాలు సూర్యకిరణాలు నేరుగా మూలవిరాట్టు పాదాలను తాకుతాయి. ఆ కిరణం సూర్యుణ్ణి విడిచి అప్పటికే ఎనిమిది నిమిషాలు దాటి ఉంటుంది కాబట్టి అక్కడి భక్తులందరూ ఎనిమిది నిమిషాల కిందటి సూర్యుడికే దండం పెడుతున్నారు. చాలా నక్షత్రాల వెలుగైతే వందల, వేల ఏళ్ల నాటిది. అయితే ఆ పాతదనమంతా మరో లోకానిది. మన నేల మీద పడి పైకి లేచిన వెలుగు సెకనుకు దాదాపు 3 లక్షల కిలోమీటర్ల వేగంతో మనల్ని విడిచి వెళ్లిపోతుంది. దాన్ని వెంబడించి పట్టుకునే దారి లేదు. శబ్దం అలా కాదు. 20 డిగ్రీల వేడిమి దగ్గర గాలిలో అది సెకనుకు సుమారు 343 మీటర్లే నడుస్తుంది. కిలోమీటరు దూరంలో గుడిగంట మోగితే మన చెవిని చేరేసరికి ఆ మోతకు దాదాపు మూడు సెకన్ల వయసు వచ్చి ఉంటుంది. మనిషి చేతికి అందేంత నెమ్మదిగా గడిచిపోయేది శబ్దమే.

అంతమాత్రాన శబ్దం ఎక్కడో దాగి ఉంటుందని నేను నమ్మను. గణనయంత్రాలకు రూపకల్పన చేసిన చార్లెస్ బాబేజ్ 1837లో, మనుషులు పలికిన ప్రతి మాటా గాలి కదలికల్లో ఎన్నటికీ చెరగకుండా నిలిచి ఉంటుందని రాశారు. ఎంతో అందమైన భావన అది. భౌతికశాస్త్రం మాత్రం ఒప్పుకోదు. శబ్దతరంగం పోతూ పోతూ తన శక్తిని వేడిగా మార్చుకుని ఆగిపోతుంది. ఒక హాలులో పాడిన పాట కొన్ని సెకన్లలోనే గోడలలో, తెరలలో, శ్రోతల దుస్తులలో ఇంకిపోతుంది. 1713 నాటి విజయనగరం కోట గోడకు చెవి ఆనించి ఆనాటి కొలువులో జరిగిన సంభాషణ విన్నట్టు రాయడం సులువే గానీ, ఆ సులువు నాకు వద్దనిపించింది. రాయి వినదు, గాలి దాచుకోదు. దాచుకోగలిగింది మనిషి ఒక్కడే, అతను కూడా మరొకరికి ఇచ్చినప్పుడే.

అయితే శబ్దం ఇంకిపోకుండా చాలా దూరం పోయే ఏర్పాటు ప్రకృతిలో ఒకటుంది. సముద్రంలో లోతుకు పోయేకొద్దీ నీరు చల్లబడుతుంది, దానితో శబ్దవేగం తగ్గుతుంది. ఇంకా లోతుకు పోతే చలిలో పెద్ద మార్పు ఉండదు గానీ పీడనం పెరిగి, వేగం మళ్లీ హెచ్చుతుంది. ఈ రెంటి నడుమ, చాలా సముద్రాలలో సుమారు 1,000 మీటర్ల లోతున, శబ్దం అన్నిటికన్నా నెమ్మదిగా నడిచే పొర ఒకటి ఏర్పడుతుంది. శబ్దం వేగం తక్కువగా ఉన్న వైపుకే వంగుతుంది కాబట్టి ఆ పొరలో పుట్టిన ధ్వని పైకి పోబోయి కిందికీ, కిందికి పోబోయి పైకీ మళ్లుతూ, అలలకూ అడుగు నేలకూ తగిలి చెదిరిపోకుండా వేల కిలోమీటర్లు పోతుంది. 1940ల నాటి పరిశోధనలలో మారిస్ ఈవింగ్ బృందం నిర్ధారించిన ఈ పొరను సోఫార్ చానల్ అంటారు. 1960లో ఆస్ట్రేలియాలోని పెర్త్ తీరానికి దూరంగా నీటిలో పేల్చిన మందుగుండు చప్పుడు దాదాపు 20,000 కిలోమీటర్ల అవతల, బెర్ముడా దగ్గర నీటిలో దించిన మైక్రోఫోన్లకు సుమారు 3 గంటల 40 నిమిషాల తరువాత అందింది.

ఈ సంగతి చదివిన నాటి నుంచి నా వ్యవస్థ రూపమే మారిపోయింది. శబ్దానికి దారి ఏర్పడేది అది వేగంగా పోయే చోట కాదు, నెమ్మదించే చోట. మనుషుల మధ్య శబ్దం అన్నిటికన్నా నెమ్మదించేది ఎక్కడ అని ఆలోచిస్తే నాకు ఒక్కటే సమాధానం దొరికింది: పాఠం చెప్పే చోట. కచేరీలో క్షణంలో గడిచిపోయే సంగతి, పాఠంలో పదిసార్లు ఆగుతుంది. గురువు పాడతాడు, శిష్యుడు అంటాడు, తప్పుతాడు, మళ్లీ వింటాడు. అందుకని రెండవ నియమం ఇలా స్థిరపడింది: నాదకాలువలో ప్రయాణించేవారు గతంలోని ఏ క్షణానికైనా చేరలేరు. ఒకరు మరొకరికి ఆ శబ్దాన్ని నేర్పిన ఘడియలకే చేరగలరు. ఒక పాఠం నుంచి దాని వెనకటి పాఠానికి, అక్కడి నుంచి ఇంకా వెనకటి పాఠానికి, గొలుసు ఎంత ఉంటే అంత. కాలువ మీద మదుములన్నీ పాఠాలే.

ఈ ఒక్క నియమం వల్ల ఎన్ని తలుపులు మూతపడతాయో చూడండి. నా కథలోని అమ్మాయి బొబ్బిలి యుద్ధం వినాలని పట్టుబడుతుంది. 1757 జనవరి 24న ఫ్రెంచి సేనాని బుస్సీ సేనలు, విజయనగరం విజయరామరాజు సేనలు కలిసి బొబ్బిలి కోట మీద పడ్డాయి. ఆ ఫిరంగుల మోత, కోటలో మంటల చిటపటలు, తరువాత తాండ్ర పాపారాయుడు విజయరామరాజు డేరాలో చొరబడినప్పటి కేక, ఇవేవీ ఎవరూ ఎవరికీ నేర్పినవి కావు. అక్కడికి కాలువ లేదు. ఉన్నదల్లా ఆ యుద్ధాన్ని కథగా కట్టి పాడిన మొదటి గాయకుడు తన కొడుక్కో శిష్యుడికో దాన్ని చెప్పిన మొదటి పూట. నా అమ్మాయి అక్కడిదాకా పోతుంది. యుద్ధం వినబడదు, కానీ ఆ యుద్ధం గురించి పాడుతున్న మనిషి ఏ చరణం దగ్గర గొంతు సవరించుకున్నాడో, ఏ పేరు పలకడానికి ముందు ఆగాడో, శిష్యుడు ఆ విరామాన్ని కూడా పాటలో భాగమనుకుని ఎలా నేర్చుకున్నాడో వినబడుతుంది. చరిత్రకారుడికి ఇది తక్కువగా కనిపించవచ్చు. నాకు ఫిరంగి మోత కన్నా ఆ విరామమే ఎక్కువ విలువైనది.

కాలువలోకి దిగే పద్ధతి చెప్పాలి. రెండు తీగలను ఇంచుమించు ఒకే శ్రుతికి బిగించి ఒకేసారి మీటితే ధ్వని హెచ్చుతూ తగ్గుతూ ఊగుతుంది. వీటిని పాఠ్యపుస్తకాలలో విస్పందనాలు అంటాం. ఒక తీగ సెకనుకు 240 సార్లు, రెండవది 243 సార్లు కంపిస్తే సెకనుకు మూడు ఊగులు వినిపిస్తాయి. తేడా తగ్గేకొద్దీ ఊగు నెమ్మదిస్తుంది, శ్రుతి పూర్తిగా కలిసిన చోట ఆగిపోతుంది. తీగలు శ్రుతి చేసే ప్రతి వైణికుడికీ ఇది చెవితో తెలిసిన సంగతి. నా వ్యవస్థలో ఈనాటి గాయని పాట ఎత్తుకున్నప్పుడు ఆమెకు నేర్పిన గొంతు, ఈ లోకంలో లేకపోయినా, ఆమె స్వరంతో సన్నగా ఊగుతుంది. ప్రయాణికుడు చేయవలసింది ఆ ఊగును పట్టుకుని అది నెమ్మదించి ఆగేదాకా వినడమే. ఊగు ఆగిందంటే మదుము తెరుచుకుంది. మన సంగీతంలో అందరికీ ఒకే ఆధారశ్రుతి ఉండదు, ఎవరి గొంతుకు తగిన శ్రుతి వారిది. కాబట్టి వెనకటి గురువు ఏ శ్రుతిలో పాడాడో తెలియక వెతుక్కోవడమే ప్రయాణంలో అన్నిటికన్నా కష్టమైన భాగం.

ప్రయాణికుడి శరీరం ఎక్కడికీ పోదు. వినికిడి మాత్రమే పోతుంది. అక్కడ అతను చూడలేడు, పలకలేడు, దేనినీ మార్చలేడు. అతను వింటున్నంతసేపూ ఇవతల పాడేవారు ఆపకుండా పాడుతూ ఉండాలి, వారే లస్కరు. తిరిగి వచ్చే వేళకు బుడితి కంచు గిన్నె ఒకటి మోగిస్తారు. రాగి, తగరం కలిసిన కంచుకు మోత చాలాసేపు నిలుస్తుంది, ఆ మోత పట్టుకుని వినికిడి వెనక్కి వస్తుంది. గిన్నె మోగకముందే లస్కరు గొంతు ఆగిపోతే ప్రయాణికుడు చనిపోడు. కానీ అతను ఏ పాట మీద వెళ్లాడో ఆ పాట ఇక అతని చెవికి జన్మలో వినిపించదు. ఎదుట పాడుతున్నా పెదవులు కదలడమే కనిపిస్తుంది. ఈ శిక్ష కఠినమైనదని తెలుసు. ఇంతకు తక్కువ ప్రమాదం పెడితే లస్కరు పని చిన్నదైపోతుంది.

ఇక పటం. ప్రధాన కాలువ విజయనగరం సంగీత కళాశాల నుంచే మొదలవుతుంది, వేరే చోటు నుంచి గీయడం నాకు ఊహకైనా రాలేదు. 1919లో విజయరామ గజపతిరాజు స్థాపించిన ఆ పాఠశాలకు తొలి అధ్యక్షుడు ఆదిభట్ల నారాయణదాసు. వయొలిన్ ఆచార్యుడిగా చేరి, 1936లో అధ్యక్షుడైనవారు ద్వారం వెంకటస్వామినాయుడు. అక్కడ ఇప్పటికీ పాఠాలు జరుగుతున్నాయి కాబట్టి ఆ కాలువ నిండుగా పారుతున్నది. 1864లో పుట్టి 1945 దాకా జీవించిన దాసుగారి హరికథాపాఠాలకు చేరడం నా వ్యవస్థలో కొత్తగా నేర్చుకుంటున్న పిల్లలకు కూడా సాధ్యమే. కానీ ఆయన రెండు చేతులతో, రెండు కాళ్లతో, శిరస్సుతో ఏకకాలంలో ఐదు తాళాలు వేసేవారని ప్రసిద్ధి పొందిన పంచముఖి విద్య ఉందే, దాన్ని ఎవరి చేతికీ అందని విద్యగానే పటంలో గుర్తించాను. దాని చుట్టూ కాలువలెన్నో ఉన్నాయి, దానిలోకి మాత్రం లేదు. కథలో ఎంతోమంది దాని గట్టు దాకా పోయి వెనక్కి వస్తారు.

ఘంటసాల వెంకటేశ్వరరావు మీద వెళ్లే కాలువ ఇంతకన్నా చిత్రమైనది. కోట్లమంది విన్న ఆయన సినిమా పాటలు రికార్డయిన గదులకు నాదకాలువ పోదు. అది చేరేది బాలుడిగా ఆయన విజయనగరం వచ్చి, మధుకరం ఎత్తుకుని కడుపు నింపుకుంటూ పట్రాయని సీతారామశాస్త్రిగారి దగ్గర నేర్చుకున్న రోజులకే. ఆ గొంతును ప్రపంచం గుర్తించక ముందు, ఒక్క గురువు మాత్రమే విని దిద్దిన కాలం అది. అభిమానులెవరైనా నిరాశపడతారేమో గానీ, నేనైతే ఆ గదులన్నిటికన్నా ఈ పాఠానికే వెళ్లాలని కోరుకుంటాను.

బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో మరొక శాఖ ఉంది. అక్కడ పనస దుంగ ఒక్కటే తీసుకుని, అతుకు లేకుండా ఏకాండి వీణ తొలుస్తారు. 24 మెట్లను మైనం మీద నిలబెట్టేటప్పుడు ఏ మెట్టు ఎక్కడ కూర్చోవాలో చెవే చెబుతుంది. ఆ చెవిని తండ్రి కొడుక్కి తయారుచేసి ఇవ్వాలి. ఇక్కడ నేర్పింది పాట కాదు, స్వరస్థానం. అందువల్ల ఈ కాలువలో వెళ్లినవారికి కృతులేవీ వినిపించవు; ఒకే తీగను మళ్లీ మళ్లీ మీటుతున్న చప్పుడు, మెట్టు కాస్త జరిపి మళ్లీ మీటడం, తండ్రి ఊఁ అనడం, అంతే. ఈ శాఖను నా పటంలో అన్నిటికన్నా స్పష్టమైన నీలిరంగుతో గీశాను.

జముకుల కథ చెప్పే ఒక పెద్దాయనతో మాట్లాడినప్పుడు నా నియమాలకు ఆయన నోట చక్కటి సమర్థన దొరికింది. బోలు పాత్రకు ఒక వైపు తోలు బిగించి, ఆ తోలు మధ్య నుంచి తీగ లాగి మీటే వాద్యం జముకు. దాని గుమగుమ మీద గ్రామదేవతల కథలు రాత్రంతా నడుస్తాయి. ఈ కథ ఎంత పాతది తాతా అని అడిగితే ఆయన, “పాతదో కొత్తదో నాకేటి తెలుసు బాబూ! మా తాత నోట్లోంచి మా అయ్య నోట్లోకొచ్చింది, మా అయ్య నోట్లోంచి నా నోట్లోకొచ్చింది. నానొట్టుకున్నాను, అంతే” అన్నారు. కథ వయసును ఏళ్లలో కాక నోళ్లలో లెక్కపెట్టిన మాట అది. అప్పటి నుంచి నా పటంలో కాలువల పొడవును సంవత్సరాలతో కాక ఎన్ని పాఠాలు వెనక్కి అన్న లెక్కతోనే రాస్తున్నాను. గుండెకు రేకు తప్పెట కట్టుకుని, గజ్జెలతో ఎగురుతూ వాయించే తప్పెటగుళ్లకు కూడా ఇదే లెక్క.

పొడవు ఉన్నంత మాత్రాన కాలువ శుభ్రంగా ఉండదు. చేతులు మారేకొద్దీ పూడిక పడుతుంది: ఒక అక్షరం మారుతుంది, ఒక గమకం జారుతుంది. పూడికను అడ్డుకోవడానికి మన దేశంలో జరిగిన ఏర్పాట్లలో వేదాధ్యయనం అంత పట్టుదలతో సాగినది మరొకటి నాకు కనిపించదు. ఘనపాఠంలో మూడు పదాలను ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, ఒకటి రెండు మూడు అన్న క్రమంలో చెప్పి, ఒక పదం ముందుకు జరిగి మళ్లీ అదే చేస్తారు. ఒక్క పదం జారినా వెంటనే పట్టుబడిపోతుంది. కాలువకు రెండు వైపులా సిమెంటు లైనింగు వేసినట్టే ఇది. శ్రీముఖలింగం మీదుగా గీసిన ఈ శాఖలో ఎంత వెనక్కి పోయినా నీరు తేటగానే ఉంటుంది. కానీ ఆ గట్టు మీదికి ఆడవారిని, అత్యధిక కులాలవారిని శతాబ్దాల పాటు ఎక్కనివ్వలేదన్న నిజాన్ని పటంలో దాచడం నాకు న్యాయంగా తోచలేదు. జముకు కాలువలో పూడిక ఉంటుంది, కానీ ఊరంతా కూర్చుని వినవచ్చు.

అన్నిటికన్నా పొడవైన కాలువలు భాషలవి. తల్లి బిడ్డకు మాట నేర్పడం కూడా పాఠమే. శ్రీముఖలింగానికి దగ్గరలోని పర్వతాలపేటలో 1863లో పుట్టిన గిడుగు రామమూర్తి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా ఉంటూ సవర గిరిజనులను పిలిపించుకుని వారి భాష నేర్చుకున్నారు, దానికి వ్యాకరణం, నిఘంటువు కూర్చారు. ఆ గదిలో పాఠం చెప్పింది సవరలు, నేర్చుకున్నది పంతులుగారు. సవర ముండా భాషా కుటుంబానిది, తెలుగుతో చుట్టరికం లేనిది; ఆ కాలువ తెలుగు కాలువకు ఎక్కడా కలవకుండా కొండల్లోకి తనదారిన పోతుంది. పంతులుగారి పాఠం దానికి పక్కన తీసిన చిన్న పిల్లకాలువ. ఆ పిల్లకాలువ గుండా వెళ్లే తెలుగు ప్రయాణికుడు అక్కడిదాకా మాత్రమే పోగలడు. అంతకు పైకి పోవాలంటే సవర తల్లి ఒడిలో పెరిగి ఉండాలి.

తెగిపోయిన చోట్లలో నన్ను ఎక్కువగా కలవరపెట్టేది శాలిహుండం. వంశధార ఒడ్డున కొండ మీద ఉన్న ఆ బౌద్ధ శిథిలాలను వెలుగులోకి తెచ్చింది కూడా గిడుగువారే, అదీ విజయనగరంలో సంగీత పాఠశాల మొదలైన 1919లోనే. ఒకే ఏడాది ఒక చోట కాలువ తవ్వడం మొదలైంది, మరొక చోట ఎండిపోయిన కాలువ బయటపడింది. శాలిహుండంలో భిక్షువులు గొంతు కలిపి వల్లించిన పాఠాలు అక్కడ ఆగిపోయాయి, చుట్టుపక్కల ఊళ్లలో వాటిని మోసిన గొంతు మిగలలేదు. స్తూపాల మధ్య ఎంతసేపు నిలబడినా ఏ ఊగూ వినిపించదు. అయితే ఇది ఒక్క కాలువ కాదు, కాలువల వల. అక్కడ నేర్చుకున్న ఒక్క భిక్షువైనా కళింగపట్నం వైపు నడిచి, ఓడ ఎక్కి, మరొక తీరంలో ఒక శిష్యుడికి ఆ పాఠం చెప్పి ఉంటే, ఆ గొలుసు అక్కడ ఈనాటికీ నిలిచి ఉంటే, చుట్టుదారిన శాలిహుండానికి చేరవచ్చు. నా మొదటి పెద్ద కథ ఈ దారిని వెతకడం గురించే. మన ఇంటి పక్కనున్న కొండ మీది గతాన్ని వినడానికి సముద్రం దాటి, తెలియని భాషవారి ముందు కూర్చుని వారి లస్కరు దయ కోసం ఎదురుచూడవలసి రావడంలో ఉన్న న్యాయం నాకు చాలా ఇష్టం.

రికార్డుల మాటేమిటని తప్పక అడుగుతారు. 1860లో ఫ్రాన్సులో స్కాట్ ద మార్టిన్‌విల్ అనే ఆయన మసి పట్టించిన కాగితం మీద గొంతు గీసిన గీతలను 2008లో పరిశోధకులు కంప్యూటరు సాయంతో మళ్లీ ధ్వనిగా మార్చారు. మన దేశంలో 1902లో కలకత్తాలో గౌహర్ జాన్ గ్రామఫోను కోసం పాడారు. తన పాట చివర తన పేరు తానే చెప్పుకునేవారు. ఇవి అమూల్యమైనవి. కానీ నా వ్యవస్థలో రికార్డు కాలువ కాదు, చెరువు. నీరు ఉంటుంది, పారదు. దాన్ని ఎన్నిసార్లు విన్నా పాడుతున్న మనిషి మన వైపు తిరిగి, “అది కాదు, మళ్లీ అను” అనదు కాబట్టి అక్కడ మదుము లేదు.

మరి గొలుసు తెగిన పాటను ఎవరైనా రికార్డు విని నేర్చుకుని, తిరిగి పదిమందికి నేర్పితే? ఈ ప్రశ్న దగ్గర నేను చాలాకాలం ఆగిపోయాను. చివరికి ఇలా నిర్ణయించాను: అప్పుడు కొత్త కాలువ ఒకటి పుడుతుంది. దాని మొదలు రికార్డు విన్న ఆ మనిషి ఇచ్చిన మొదటి పాఠమే గానీ రికార్డులోని గాయకుడు కాదు. వెనక్కి పొడవు లేకపోవచ్చు, ముందుకు ఉంటుంది. కాలువలు రెండు వైపులా పనిచేస్తాయి మరి. మనం వెనకటి పాఠాలకు వెళ్లగలిగితే, రేపటివారు మన పాఠాలకు రాగలరు. ఒక పల్లెలో ఒక అమ్మమ్మ మనవరాలికి పాట చెబుతున్నప్పుడు, ఇద్దరి గొంతులూ సరిగ్గా కలిసిన చోట కూడా సన్నని ఊగు ఒకటి మిగిలిందంటే, మూడో మనిషి ఎవరో వచ్చి వింటున్నారని అర్థం. ఆ అమ్మమ్మ దానికి భయపడదు. “సరిగా అను, ఎవలో ఇంతన్నారు” అంటుంది మనవరాలితో.

ఇంకా గీయకుండా వదిలేసిన శాఖ ఉభాల పాటలది. వరి నాట్లు వేసేటప్పుడు ఒకరు ఎత్తుకుంటే మడిలో ఉన్నవారందరూ అందుకుంటారు. ఇక్కడ గురువు ఎవరు, శిష్యురాలు ఎవరు? ఇరవైమంది ఒకరి నుంచి ఒకరు ఒకేసారి నేర్చుకుంటున్నప్పుడు గొలుసు ఒక్క వరుసగా ఉండదు. ఒక గొంతు ఆగినా మిగతావి మోస్తాయి. అందువల్ల ఈ కాలువ ఒక మనిషి మరణంతో తెగదు. కానీ వెదజల్లే పద్ధతి, నాటే యంత్రాలు వచ్చి మడిలో అందరూ వరుసగా వంగి పనిచేయడమే పోతే, ఒక్క ఏడాదిలోనే మొత్తం ఎండిపోతుంది. ఇలాంటి కాలువకు మదుము ఎక్కడ పెట్టాలో, లస్కరుగా ఎవరిని నిలపాలో నా ఇప్పటి నియమాలు చెప్పవు. ఈ ఖరీఫ్‌లో ఉభాలు మొదలయ్యాక గుర్ల, గరివిడి వైపు పొలాలకు వెళ్లి, పాట ముందు ఎవరు ఎత్తుకుంటారో, కొత్తగా వచ్చిన పిల్ల ఎవరి పక్కన నిలబడుతుందో చూసి ఆ శాఖ గీయడం మొదలుపెడతాను.